తఫ్సీర్ చదవడం ఎలా: ఒక ఆయత్ అర్థాన్ని వరుసగా తేల్చుకునే పద్ధతి

తఫ్సీర్ అంటే ఖుర్ఆన్ వ్యాఖ్యానం, ఆయత్ అంటే ఖుర్ఆన్ వాక్యం. ఖుర్ఆన్ అనువాదం చదివేవాళ్ల నుంచి ఎక్కువగా వచ్చే ప్రశ్నలు రెండు. "తఫ్సీర్లు చాలా ఉన్నాయి, ఏది పట్టుకోవాలి?" అనేది ఒకటి. "మూడు తఫ్సీర్లు తెరిస్తే మూడు మాటలు కనిపిస్తున్నాయి, ఏది నమ్మాలి?" అనేది రెండోది.

రెండింటిలోనూ చిక్కు వరుస దగ్గరే ఉంటుంది. చాలామంది ఆయత్ పూర్తిగా చదవకుండానే తఫ్సీర్ తెరిచి, అందులో నచ్చిన వాక్యం దొరకగానే మూసేస్తారు. వ్యాఖ్యాత ఆ మాట ఏ ఆధారం మీద అన్నారో చూడరు. ఈ మార్గదర్శి ఆ ఆధారం దాకా వెళ్లడానికి. ముస్లింలకైనా, తెలుసుకోవాలనే ఆసక్తితో చదివే ఇతరులకైనా పద్ధతి ఒకటే. ఇది మిమ్మల్ని ముఫ్తీని (ధార్మిక తీర్పు ఇచ్చే పండితుణ్ణి) చేయదు. ఫత్వా, అంటే ఆ తీర్పు, అవసరమైన చోట ఆలిం (ధార్మిక పండితుడు) దగ్గరికి వెళ్లాల్సిందే.

1. ముందు చేతిలో ఉండాల్సినవి

- రుకూ గుర్తులున్న అరబీ ముద్రణ. సూరా అంటే అధ్యాయం, రుకూ అందులో ఒక చిన్న విభాగం, పారా ఖుర్ఆన్ ముప్పై భాగాల్లో ఒకటి. మన దేశంలో అచ్చయ్యే ప్రతుల్లో అంచున 'ఐన్' అక్షరం ఉంటుంది. దాని పై అంకె సూరాలో అది ఎన్నో రుకూనో, మధ్య అంకె ఆ రుకూలో ఎన్ని ఆయతులున్నాయో, కింది అంకె పారాలో ఎన్నో రుకూనో చెబుతుంది.
- వేర్వేరు అనువాదకుల రెండు అనువాదాలు. ఒకటి తెలుగులో, రెండోది మీకు వచ్చిన ఇంకో భాషలో ఉంటే మరీ మంచిది.
- ఒక చిన్న తఫ్సీర్, ఒక పెద్ద తఫ్సీర్. అంతకు మించి మొదట్లో వద్దు.
- ఒక నోటుబుక్కు. ముస్‌హఫ్ (ఖుర్ఆన్ ప్రతి) మీద గీతలు గీయకండి.
- సందేహం అడగడానికి ఒక మనిషి. మసీదు ఇమాం కావచ్చు, మద్రసాలో చదువు చెప్పే ఆలిం కావచ్చు.

అరబీ రాకపోయినా మొదలుపెట్టవచ్చు. కాకపోతే ఒక జాగ్రత్త ఉంది. అనువాదంలో బ్రాకెట్లలో ఉన్నది మూలంలో లేదు, అది అనువాదకుడు తఫ్సీర్ నుంచి తెచ్చి పెట్టినది. ఉదాహరణకు ఫాతిహా సూరా చివరి ఆయత్‌లో 'ఆగ్రహానికి గురైనవారు', 'దారి తప్పినవారు' అన్న చోట కొన్ని అనువాదాలు యూదులు, క్రైస్తవులు అని బ్రాకెట్లో చేరుస్తాయి. తిర్మిజీ సంకలనంలో ఉన్న ఒక హదీసు (ప్రవక్త మాటల, చేతల ఉల్లేఖనం) ఆధారంగా వ్యాఖ్యాతలు చెప్పిన మాట అది. ఆయత్‌లో మాత్రం ఏ సమూహం పేరూ లేదు. కాబట్టి మొదటిసారి బ్రాకెట్లు వదిలేసి చదవండి, రెండోసారి కలిపి చదవండి. ఏది మూలం, ఏది వ్యాఖ్య అన్నది అప్పుడు తేలుతుంది.

2. ఏ ప్రశ్నకు ఏ తఫ్సీర్

తఫ్సీర్లను స్థూలంగా రెండు తీరులుగా చెబుతారు. ప్రవక్త (స), సహాబా (ఆయన సహచరులు), వారి తర్వాతి తరమైన తాబయీల నుంచి వచ్చిన ఉల్లేఖనాల మీద నడిచేది 'బిల్ మఅసూర్'. భాష, తర్కం, ఫిఖహ్ (ఇస్లామీ ధర్మశాస్త్రం) ఆధారంగా ఆలోచించి చెప్పేది 'బిర్రాయ్'. నిజానికి పెద్ద గ్రంథాలన్నిటిలో రెండూ కలిసే ఉంటాయి, పాళ్లలోనే తేడా. అందుకే రకం పేరు కన్నా ఆ గ్రంథం లోపలి అమరిక తెలుసుకోవడం ఎక్కువ ఉపయోగం.

తబరీ (మరణం 923): ఉల్లేఖనాల గని. ఒక ఆయత్ మీద ఎవరెవరు ఏమన్నారో సనదులతో (ఎవరి నుంచి ఎవరు విన్నారో చెప్పే గొలుసులతో) సహా వరుసగా పెడతారు. కొత్తవాళ్లు మొదటి ఉల్లేఖనం చూసి అదే తబరీ అభిప్రాయం అనుకుంటారు. ఆయన సొంత నిర్ణయం సాధారణంగా చివర్లో "ఈ మాటల్లో సరైనదానికి దగ్గరగా ఉన్నది" అంటూ మొదలవుతుంది. ముందు ఆ వాక్యం వెతికి, తర్వాత వెనక్కి వచ్చి చదవండి.

జమఖ్‌షరీ (మరణం 1144): వాక్య నిర్మాణం, అలంకారం కోసం. "నువ్వు ఇలా అడిగితే, నేను ఇలా అంటాను" అనే ప్రశ్నోత్తరాల తీరు. ఆయన ముఅతజిలీ, అంటే తర్కానికి పెద్దపీట వేసిన ఒక వర్గానికి చెందినవారు. అఖీదా (విశ్వాస) విషయాల్లో సున్నీ ఉలమా (పండితులు) ఆయనతో విభేదించినా, భాష దగ్గర ఆయన్ని దాటి వెళ్లలేకపోయారు.

ఫఖ్రుద్దీన్ రాజీ (మరణం 1210): తాత్విక చర్చల కోసం. ఆయతును 'మస్‌అలా'లుగా, అంటే ఒక్కో అంశంగా విడగొడతారు. ప్రత్యర్థి వాదాన్ని ఆ ప్రత్యర్థి కన్నా బలంగా చెప్పడం ఆయన అలవాటు. ఆ పేరా ఒక్కటే కోసి "రాజీ ఇలా అన్నారు" అని పెట్టినవి చాలానే తిరుగుతున్నాయి. ఆయన జవాబు దాకా చదవకుండా రాజీని ఉటంకించకండి.

ఖుర్తుబీ (మరణం 1273): నమాజు, వివాహం, ఆస్తి, వ్యాపారం లాంటి ఆదేశాల ఆయతులకు. మాలికీ అయినా ఇతర మజ్‌హబ్‌ల (హనఫీ, షాఫియీ, హంబలీ లాంటి ఫిఖహ్ సంప్రదాయాల) వాదనలను నిజాయితీగా చెబుతారు.

ఇబ్న్ కసీర్ (మరణం 1373): ఖుర్ఆన్‌ను ఖుర్ఆన్‌తో, ఆ తర్వాత హదీసుతో వివరించే పద్ధతికి ఇది మంచి పాఠ్యపుస్తకం. ఉల్లేఖనం బలహీనమైతే చాలా చోట్ల ఆ మాట అక్కడే చెబుతారు. అయితే సంక్షిప్త ప్రతుల్లో ముందు ఎగిరిపోయేవి సనదులు, ఈ వ్యాఖ్యలే. వీలైతే పూర్తి ప్రతి చూడండి.

జలాలైన్: మహల్లీ మొదలుపెట్టగా సుయూతీ (మరణం 1505) పూర్తి చేసిన చిన్న తఫ్సీర్. మాట పక్కనే మాట పెట్టి అర్థం చెబుతుంది. మద్రసాల్లో పాఠం. 'చిన్న తఫ్సీర్' స్థానానికి సరిపోతుంది, కానీ వాదనలు చూపించదు.

ఉర్దూ వచ్చినవాళ్లకు మౌదూదీ తఫ్హీముల్ ఖుర్ఆన్ (1942లో మొదలై 1972లో ముగిసింది, ఆరు సంపుటాలు), ముఫ్తీ ముహమ్మద్ షఫీ మఆరిఫుల్ ఖుర్ఆన్ అందుబాటులో ఉంటాయి. మొదటిదానిలో ప్రతి సూరాకూ ఉన్న పరిచయం చాలా పనికొస్తుంది. హనఫీ ఫిఖహ్ వివరం కావాలంటే రెండోది. షియా దృక్పథం తెలియాలంటే తబ్రిసీ మజ్మఉల్ బయాన్, తబాతబాయీ అల్ మీజాన్. ఒక వర్గం ఏమంటుందో ఆ వర్గం పుస్తకంలోనే చూడాలి, ఎదుటివాళ్ల ఖండనలో కాదు.

ఒక హెచ్చరిక. ఇంటర్నెట్‌లో 'తఫ్సీర్ ఇబ్న్ అబ్బాస్' పేరుతో దొరికే 'తన్వీరుల్ మిక్బాస్' సనద్ కల్బీ అనే ఉల్లేఖకుడి మీదుగా వస్తుంది. హదీసు పండితులు ఆ సనదును అబద్ధాల గొలుసు అన్నారు. సహాబీ అయిన ఇబ్న్ అబ్బాస్ (ర) పేరు పెద్దది కాబట్టి అందరూ దాన్నే ముందు తెరుస్తారు. అది తప్ప ఇంకేదైనా తెరవండి.

3. తఫ్సీర్ తెరవకముందు రుకూ మొత్తం చదవండి

మీ ఆయత్ ఉన్న రుకూను మొదటి నుంచి చివరి దాకా రెండు అనువాదాల్లో చదవండి. దానికి ముందు రుకూ, తర్వాత రుకూ పైపైన చూడండి. ఇప్పుడు నోటుబుక్కులో నాలుగు జవాబులు రాయండి.

- ఎవరితో మాట్లాడుతోంది? విశ్వాసులతోనా, ప్రవక్తతోనా, మక్కా ముష్రికులతోనా (బహుదైవారాధకులతోనా), గ్రంథప్రజలతోనా (యూదులు, క్రైస్తవులతోనా)?
- సూరా మక్కీనా (మదీనా వలసకు ముందుదా), మదనీనా (ఆ తర్వాతదా)?
- ముందు మాట ఏమిటి, తర్వాత మాట ఏమిటి?
- నాకు అర్థం కానిది ఖచ్చితంగా ఏది?

నాలుగోదే అసలైనది. "ఈ ఆయత్ అర్థం ఏమిటి?" అని రాస్తే తఫ్సీర్‌లో యాభై పేజీల మధ్య తప్పిపోతారు. "ఇక్కడ 'వినాశనం' అంటే ఏది?" అని రాస్తే వెతకాల్సిన చోటు తెలుస్తుంది.

సందర్భం ఎంత ముఖ్యమో చెప్పడానికి మాఊన్ సూరా (107) చాలు. నాలుగో ఆయత్ "నమాజు చేసేవారికి వినాశం" అని ఆగుతుంది. ఐదో ఆయత్‌కు వెళితేనే "తమ నమాజు పట్ల ఏమరుపాటుగా ఉండేవారు" అని పూర్తవుతుంది. ముష్రికులతో యుద్ధం గురించిన తౌబా సూరా ఐదో ఆయత్‌తో ఎప్పుడూ జరిగేదీ ఇదే. నాలుగో ఆయత్ ఒప్పందం నిలబెట్టుకున్నవాళ్లను మినహాయిస్తుంది, ఆరో ఆయత్ శరణు కోరినవాడికి రక్షణ ఇచ్చి సురక్షిత స్థలానికి చేర్చమంటుంది. సమర్థించేవాళ్లూ, తిట్టేవాళ్లూ ఈ రెంటినీ వదిలేసి మధ్యది మాత్రమే పట్టుకుంటారు.

ఆయతుల మధ్య ఈ అల్లికనే ప్రధానంగా పట్టుకున్న తఫ్సీర్లూ ఉన్నాయి. పదిహేనో శతాబ్దపు బికాయీ రాసిన 'నజ్ముద్దురర్' అలాంటిది. దాన్ని అచ్చువేసినవారు మన హైదరాబాద్ దాయిరతుల్ మఆరిఫ్ వాళ్లే.

4. జవాబు ఖుర్ఆన్‌లోనే ఉందేమో చూడండి

పండితుడు ఇబ్న్ తైమియ్యా చెప్పిన, ఇబ్న్ కసీర్ అనుసరించిన వరుస ఇది: ముందు ఖుర్ఆన్‌తో ఖుర్ఆన్, తర్వాత సున్నత్ (ప్రవక్త మాట, నడవడి), తర్వాత సహాబాల మాట, ఆ తర్వాత తాబయీల మాట.

మొదటి మెట్టుకు సహీ బుఖారీ అనే హదీసు సంకలనంలో చక్కటి ఉదాహరణ ఉంది. అన్ఆమ్ సూరా 82వ ఆయత్‌లో "విశ్వసించి, తమ విశ్వాసాన్ని జుల్మ్‌తో కలపనివారికే శాంతి" అని వచ్చింది. జుల్మ్ అంటే అన్యాయం. మాలో అన్యాయం చేయనివాడు ఎవరున్నాడు అని సహాబాలు కలవరపడ్డారు. అప్పుడు ప్రవక్త (స) లుఖ్మాన్ సూరా 13వ ఆయతును గుర్తుచేశారు: "షిర్క్ (అల్లాహ్‌కు సాటి కల్పించడం) చాలా పెద్ద జుల్మ్." అంటే అక్కడి జుల్మ్ అర్థం ఇక్కడ తేలింది.

మీరు చేయాల్సింది: కీలక పదం ఇంకా ఎక్కడెక్కడ వచ్చిందో యాప్‌లో మూల ధాతువుతో వెతకండి. అనువాదంలోని తెలుగు మాటతో వెతికితే లాభం లేదు, ఒకే అరబీ పదానికి అనువాదకుడు నాలుగు చోట్ల నాలుగు మాటలు వాడి ఉండవచ్చు. దొరికిన ఆయతుల్లో విషయం నిజంగా ఒకటేనా అని సరిచూసుకోండి. మాట ఒకటైనంత మాత్రాన విషయం ఒకటి కాదు.

5. హదీసు, సహాబాల వివరణ

ఇక్కడ చూడాల్సినవి రెండు: ఆ ఉల్లేఖనం ఎంత నమ్మదగినది, అది ఆయతును వివరిస్తోందా లేక ఆయత్ వచ్చిన సందర్భాన్ని చెబుతోందా.

బఖరా 158వ ఆయత్ తీసుకోండి. హజ్‌లో మక్కాలోని సఫా, మర్వా గుట్టల మధ్య తిరిగితే "తప్పు లేదు" అంటుంది. ఉర్వా తన పినతల్లి, ప్రవక్త భార్య ఆయిషా (ర)ను అడిగారు, అయితే తిరగకపోయినా ఫర్వాలేదు కదా అని. అలా అయితే "తిరగకపోతే తప్పు లేదు" అని ఉండేది అని ఆమె దిద్దారు. ఇస్లాంకు ముందు మనాత్ దేవత కోసం దీక్ష పట్టిన అన్సార్లు (మదీనావాసులు) సఫా, మర్వాల మధ్య నడవడానికి సంకోచించేవారు, వాళ్ల సంకోచం తీర్చడానికి ఆ మాట వచ్చింది అని చెప్పారు. ఈ నేపథ్యం లేకపోతే 'తప్పు లేదు' అన్నది వెసులుబాటులా వినిపిస్తుంది.

దీన్నే మనవైపు షానె నుజూల్ అంటారు. దీని దగ్గర రెండు నియమాలు గుర్తుంచుకోండి. ఒకటి, పాత ఉల్లేఖనాల్లో "ఈ ఆయత్ ఫలానా విషయంలో దిగింది" అన్నంత మాత్రాన అదే అసలు కారణమని కాదు. ఆ విషయానికీ ఇది వర్తిస్తుంది అనే అర్థంలో కూడా అలా అనేవారు. అందుకే ఒకే ఆయత్‌కు రెండు మూడు షానె నుజూల్‌లు కనిపిస్తాయి. రెండు, ఎక్కువమంది ఉసూల్ (ఫిఖహ్ మూలసూత్రాల) పండితుల మాట ప్రకారం ఆదేశం పదాల విస్తృతిని బట్టి ఉంటుంది, అది వచ్చిన ప్రత్యేక సందర్భానికే పరిమితం కాదు.

6. తఫ్సీర్లు వేర్వేరు మాటలు చెబితే

టెన్షన్ పడేది ఇక్కడే. ముందు ఆ తేడా ఏ రకమో గుర్తించండి.

ఉదాహరణల తేడా. 'సన్మార్గం' అంటే ఖుర్ఆన్ అని ఒకరు, ఇస్లాం అని ఒకరు, సున్నత్ అని ఒకరు అన్నారు. ఇవి ఢీకొనవు, ఒకే దారిని వేర్వేరు వైపుల నుంచి చూపిస్తున్నాయి. పాత తఫ్సీర్లలో కనిపించే భేదాల్లో ఎక్కువ భాగం ఇలాంటివే అని ఇబ్న్ తైమియ్యా అంటారు. వీటిలో ఒకటి ఎంచుకోవాల్సిన పని లేదు.

నిజమైన తేడా, ఒకవైపు మొగ్గు ఉన్నది. బఖరా 238లో 'మధ్య నమాజు' అంటే ఏది? ఫజ్ర్ (తెల్లవారుజాము నమాజు) అన్నవాళ్లున్నారు, ఇమాం మాలిక్, ఇమాం షాఫియీల మాట అదే. జుహ్ర్ (మధ్యాహ్నం నమాజు) అన్నవాళ్లూ ఉన్నారు. అయితే అహ్జాబ్ యుద్ధం నాడు "మధ్య నమాజు, అస్ర్ నమాజు నుంచి మమ్మల్ని ఆపేశారు" అని ప్రవక్త (స) అన్నట్టు సహీ హదీసు ఉంది. తబరీ, ఇబ్న్ కసీర్ ఇద్దరూ అస్ర్ (సాయంత్రానికి ముందు చేసే నమాజు) వైపు మొగ్గింది ఆ ఆధారంతోనే. మీ నోటుబుక్కులో పేర్ల లెక్క కాదు, ఈ ఆధారం ఉండాలి.

నిజమైన తేడా, రెండు వైపులా బలమున్నది. బఖరా 228లో విడాకులైన స్త్రీ వేచి ఉండాల్సిన మూడు 'ఖురూ'లు నెలసరులని హనఫీ, హంబలీలు, శుద్ధి కాలాలని మాలికీ, షాఫియీలు అన్నారు. అరబీలో ఆ పదానికి రెండు అర్థాలూ ఉన్నాయి. గడువు ముగిసే రోజే మారిపోతుంది కాబట్టి ఇది ఊరికే పుస్తక చర్చ కాదు. తెలుగు నేల మీద ముస్లింలలో ఎక్కువమంది హనఫీలు, ఆచరణలో ఆ లెక్కే నడుస్తుంది. ఇలాంటి చోట మీరు ఇంట్లో కూర్చుని తేల్చేయకండి, రెండు వాదాలూ రాసుకుని ఆలింను అడగండి.

ఖిరాఅత్ (పారాయణ పాఠం) తేడా. మాఇదా ఆరో ఆయత్‌లో వుజూ (నమాజుకు ముందు శుద్ధి) చేసేటప్పుడు పాదాలు కడగాలా, తడి చేత్తో తుడవాలా అన్న సున్నీ, షియా చర్చలో ఒక్క అచ్చు తేడా ఉన్న రెండు ప్రసిద్ధ ఖిరాఅత్‌ల పాత్ర కూడా ఉంది. వ్యాఖ్యాత రెండో పారాయణం గురించి ఏదైనా అంటే దాటేయకండి.

7. ఒక ఆయత్ మీద మొత్తం కసరత్తు: బఖరా 195

"అల్లాహ్ మార్గంలో ఖర్చు పెట్టండి, మీ చేతులారా మిమ్మల్ని వినాశనంలోకి నెట్టుకోకండి, మేలు చేయండి..."

మొదటి మెట్టు, రుకూ: 190 నుంచి యుద్ధ నియమాల ప్రస్తావన నడుస్తోంది. 196 నుంచి హజ్. అంటే మన ఆయత్ యుద్ధం గురించిన మాటల చివర ఉంది, దాని మొదటి మాట ఖర్చు పెట్టమని.

రెండో మెట్టు, ప్రశ్న: 'వినాశనం' అంటే ప్రాణానికి తెగించడమా? మొదటి చూపులో అలాగే ఉంటుంది.

మూడో మెట్టు, సహాబాల మాట: కాన్‌స్టాంటినోపుల్ మీదికి వెళ్లిన సైన్యంలో ఒకతను ఒంటరిగా శత్రు పంక్తిలోకి దూసుకెళ్లాడు. తనను తాను వినాశనంలోకి నెట్టుకుంటున్నాడని జనం అరిచారు. అబూ అయ్యూబ్ అన్సారీ (ర) అక్కడే ఉన్నారు. ఈ ఆయత్ అన్సార్లమైన మా గురించే వచ్చింది, ఇస్లాం బలపడింది కదా, ఇక పాడైన మా ఆస్తులు చూసుకుందాం అని మాలో మేము అనుకున్నప్పుడు దిగింది, ఆస్తులు పట్టుకుని కూర్చోవడమే ఆ వినాశనం అని చెప్పారు. అబూ దావూద్, తిర్మిజీ దీన్ని ఉల్లేఖించారు. ఇది ఖర్చు విషయంలో వచ్చిందన్న హుజైఫా (ర) మాట బుఖారీలో ఉంది. పాపం చేసి, ఇక నాకు క్షమాపణ లేదని నిరాశపడటమే వినాశనం అన్నారు బరా బిన్ ఆజిబ్ (ర).

నాలుగో మెట్టు, తేడా రకం: ఈ మూడూ ఒకదాన్నొకటి కొట్టేయవు. తబరీ కూడా మాటల విస్తృతిని బట్టి వీటన్నిటికీ చోటిచ్చారు. అయితే ముందున్న "ఖర్చు పెట్టండి" అన్నది మొదటి రెంటికీ బలం ఇస్తుంది.

ఐదో మెట్టు, నేటి వాడకం: పొగతాగడం కూడదనడానికి ఈ ఆయతును చూపే ఉలమా ఉన్నారు. అది పదాల విస్తృతి మీద నడిచే వాదం, కాబట్టి పద్ధతి ప్రకారమే ఉంది. కానీ "ఈ ఆయత్ పొగతాగడం గురించి దిగింది" అంటే తప్పు. రెండు వాక్యాల మధ్య ఈ తేడా పట్టుకోగలిగితే మీకు తఫ్సీర్ చదవడం వచ్చినట్టే.

8. తరచూ కనిపించే పొరపాట్లు, దిద్దుబాట్లు

చిక్కు వచ్చిన ప్రతిచోటా "మన్‌సూఖ్ అయింది" (రద్దయింది) అనేయడం. సుయూతీ వడకట్టి దాదాపు ఇరవై ఆయతులు మాత్రమే రద్దయ్యాయన్నారు, ఢిల్లీకి చెందిన షా వలీయుల్లాహ్ వాటినీ ఐదుకు తగ్గించారు. దిద్దుబాటు: ఎవరు రద్దన్నారు, రద్దు చేసిన ఆయత్ ఏది, ఏది ముందు వచ్చింది, రెంటినీ కలిపి అర్థం చేసుకునే దారి లేదా అని నాలుగూ అడగండి.

ఇస్రాయీలియాత్‌ను ఖుర్ఆన్ కథగా చెప్పడం. యూద, క్రైస్తవ వర్గాల నుంచి వచ్చిన ఉల్లేఖనాలివి. గుహవాసుల కుక్క రంగు, పేరు లాంటివన్నీ ఈ కోవలోవే. వాళ్లు ఎంతమంది అన్నదాని మీదే కహఫ్ సూరా 22వ ఆయత్ వాదన పెట్టుకోవద్దంది! దిద్దుబాటు: కథలో ఏ వివరం ఆయత్‌లో ఉందో నోటుబుక్కులో గీత గీసి వేరు చేయండి.

వాట్సాప్‌లో వచ్చిన "ఇబ్న్ కసీర్ చెప్పారు". దిద్దుబాటు: సూరా, ఆయత్ సంఖ్య లేకపోతే ఫార్వర్డ్ చేయకండి. సంఖ్య ఉంటే ఆ చోట తెరిచి, ఆ మాట ఆయన సొంతమా, ఉల్లేఖనమా, ఖండించడానికి తెచ్చిందా అని చూడండి. చాట్‌బాట్ ఇచ్చిన జవాబుకూ ఇదే పరీక్ష.

ఆయత్ సంఖ్య కలవకపోవడం. కొన్ని పాత అనువాదాల్లో ఒకటి రెండు సంఖ్యలు అటూ ఇటూ ఉంటాయి. దొరకకపోతే ముందూ వెనకా చూడండి.

ప్రతి ఆయత్‌లోనూ కొత్త సైన్సు వెతకడం. సిద్ధాంతం రేపు మారితే అర్థమూ మార్చాలి. నాకైతే ఇది వదిలేయదగ్గ అలవాటు.

9. ఎక్కడ మొదలుపెట్టాలి

బఖరాతో వద్దు. 286 ఆయతులు, పదో పేజీకే ఆగిపోతారు. హుజురాత్ సూరా (49) తీసుకోండి. 18 ఆయతులు, రెండు రుకూలు, మదనీ. ఆరో ఆయత్‌కు షానె నుజూల్ చర్చ ఉంది, తొమ్మిదో దానిలో ఫిఖహ్ ఉంది, పదకొండు నుంచి పదమూడు దాకా ఎగతాళి, అనుమానం, చాడీలు, జాతుల ప్రస్తావన. ఇప్పటిదాకా చెప్పిన మెట్లన్నీ ఈ ఒక్క సూరాలోనే సాధన చేయవచ్చు. వారానికి మూడు, నాలుగు ఆయతులు మించకుండా వెళ్లండి. ఆ తర్వాత లుఖ్మాన్, ఆ తర్వాత యూసుఫ్.

ప్రతి ఆయత్‌కు నోటుబుక్కులో ఒక పేజీ, ఈ వరుసలో:

- సూరా, ఆయత్, రుకూ; మక్కీ లేదా మదనీ
- నా ప్రశ్న, ఒక్క వాక్యంలో
- ఇదే విషయం ఉన్న ఇతర ఆయతులు
- హదీసు లేదా సహాబా మాట, ఏ గ్రంథంలో ఉందో
- చిన్న తఫ్సీర్ ఏమంది
- పెద్ద తఫ్సీర్ ఏమంది, ఏ ఆధారంతో
- తేడా ఉంటే ఏ రకం
- ఇంకా తేలనిది

ఆలిం దగ్గరికి వెళ్లేటప్పుడు ఈ పేజీ తీసుకెళ్లి చివరి వరుస చూపించండి. "హజ్రత్, ఈ ఆయత్ అర్థం చెప్పండి" అంటే మీకు అందరికీ చెప్పే ప్రసంగమే దొరుకుతుంది. "ఇబ్న్ కసీర్ ఈ హదీసుతో ఇటు మొగ్గారు, ఖుర్తుబీ అటు మొగ్గారు, మీరు దేన్ని తీసుకుంటారు, ఎందుకు?" అని అడిగితే ఆయన కూడా కితాబ్ తెరుస్తారు.